నల్లరాయి దారి: ఆసిఫాబాద్ నుంచి కేస్లాపూర్ దాకా ఒక రోజు, మన చరిత్ర



కొంచెం పెద్ద పోస్టు ఇది. రాత్రి అన్నం తిన్నాక తీరిగ్గా చదవండి. చదివినంక మీ ఊళ్లో పెద్దమనుషులకు కూడా వినిపించండి. ఎందుకో చివర్ల చెప్తాం.

మన జిల్లాలకు టూరిస్టులు ఇప్పుడు బాగానే వస్తున్నరు. వానాకాలం వచ్చిందంటే కుంటాల దగ్గర, మిట్టె దగ్గర బండి ఆపేందుకు జాగ దొరకదు. కెరమెరి ఘాట్‌లో వీడియోలు తీసుకుంటరు, జోడేఘాట్‌లో భీము విగ్రహం ముందు సెల్ఫీ దిగుతరు, పొద్దుగూకే వరకు వెళ్లిపోతరు. వాళ్లను తోలుకొచ్చిన గైడ్ చెప్పేవి రెండే ముక్కలు: ప్రకృతి చాలా అందంగా ఉంది, ఇక్కడ గిరిజనులు ఉంటారు. గుట్టకు చరిత్ర లేనట్టు, మనకూ లేనట్టు. బయటోళ్లను అని లాభం లేదు. మన హాస్టల్ పిల్లలను అడిగినా గోల్కొండ గురించి పది మార్కుల జవాబు రాస్తరు, ఉట్నూర్ కోట ఎవరిది అంటే మాత్రం మొహమొహాలు చూసుకుంటరు.

అందుకే ఈ చలికాలం మేము కొందరు సీనియర్లం, జూనియర్లం కలిసి ఒక తుఫాన్ బండి మాట్లాడుకొని ఆసిఫాబాద్ నుంచి కేస్లాపూర్ దాకా పోయినం. గైడ్లు ఇద్దరు. ఒకరు కిక్రి వాయించే పర్ధాన్ కాకా. మన సగాల కథలు ఆయనకు నోటికొచ్చు. ఇంకొకరు జియాలజీలో పీజీ చేసిన మన దాదా. కాకా పాటలు చదివిండు, దాదా రాళ్లు చదివిండు. సాయంత్రానికి మాకు అర్థమైంది ఏందంటే, ఆ రెండూ ఒకే పుస్తకం. మనోళ్లు ఎక్కడ ఊరు కట్టుకున్నరు, ఏ నేల దున్నిన్రు, ఏ నేల పోగొట్టుకున్నరు, ఏ గుట్ట మీద నిలబడి కొట్లాడిన్రు అనేదంతా ఈ నల్లరాయితో ముడిపడి ఉన్నది.

ఆసిఫాబాద్: రెండు రాళ్ల నడుమ ఊరు

ఆసిఫాబాద్ పాత పేరు జనగాం. పక్కనే పెద్దవాగు. 2016 అక్టోబర్‌లో కొత్త జిల్లాలు చేసినప్పుడు ఇది కుమ్రం భీం పేరుతో జిల్లా కేంద్రమైంది.

ఊరి దగ్గర నిలబడి తూర్పు దిక్కు చూస్తే రెబ్బెన, గోలేటి, అటు బెల్లంపల్లి. అదంతా ఇసుకరాయి, బొగ్గు ఉన్న నేల. పడమర దిక్కు చూస్తే కెరమెరి గుట్టలు. అదంతా నల్లరాయి. చదువుకున్నోళ్లు బసాల్ట్ అంటరు. రెండు వేరే వేరే కాలాల రాళ్లు. బొగ్గు పొరలు సుమారు 25 నుంచి 30 కోట్ల ఏళ్ల నాటివి. నల్లరాయి సుమారు 6.6 కోట్ల ఏళ్ల నాటిది.

ముందు బొగ్గు రాయి సంగతి చెప్పుకుందాం, ఎందుకంటే అక్కడ మన పేరు ఉన్నది. బ్రిటిష్ కాలంలో మధ్య భారతంలో ఈ రాళ్లను పరిశీలించిన జియలాజికల్ సర్వే అధికారి హెచ్.బి. మెడ్లికాట్ 1872లో వీటికి గోండ్వానా అని పేరు పెట్టిండు. గోండుల దేశంలో దొరికిన రాళ్లు కాబట్టి ఆ పేరు. ఆ రాళ్లలో నాలుక ఆకారంలో ఉండే ఒక ఆకు ముద్రలు కనిపిస్తయి. దాన్ని గ్లాసోప్టెరిస్ అంటరు. అదే ఆకు ఆఫ్రికాలో, దక్షిణ అమెరికాలో కూడా దొరికింది. సముద్రాలు దాటి ఒకే చెట్టు అన్ని చోట్ల ఎట్ల మొలిచింది? ఒకప్పుడు ఆ భూములన్నీ కలిసే ఉండేవని వియన్నా నగరానికి చెందిన ఎడ్వర్డ్ సూయెస్ 1885లో రాసిండు. ఆ పెద్ద ఖండానికి గోండ్వానా లాండ్ అని పేరు పెట్టిండు. ఇప్పుడు అంటార్కిటికాలో పనిచేసే శాస్త్రవేత్త కూడా ఆ మాటే వాడుతడు.

ఒక్కసారి ఆలోచించండి. ప్రపంచమంతా భూగోళం పుస్తకాల్లో మన పేరు ఉన్నది. అదే కాలంలో, ఆ పేరు ఇచ్చిన మనోళ్ల చేతిలో తాము దున్నే చేనుకు పట్టా కాగితం లేదు. ఈ మాట దాదా చెప్పంగానే బండిలో ఉన్న అందరం కాసేపు ఏం మాట్లాడలేదు.

ఇంకో సంగతి. హైదరాబాద్‌లో బిర్లా సైన్స్ సెంటర్‌కు పోతే ఒక పెద్ద డైనోసార్ అస్థిపంజరం నిలబెట్టి ఉంటది. దాని పేరు కోటాసారస్. ఆ ఎముకలు దొరికింది ఎక్కడో కాదు, మన పాత ఆదిలాబాద్ జిల్లా యామన్‌పల్లి దగ్గర. ఎక్స్‌కర్షన్‌కు పోయి దాని ముందు ఫొటో దిగినోళ్లు మనలో చాలామంది ఉంటరు. అది మన జిల్లాదని ఎందరికి తెలుసు?

కెరమెరి ఘాట్: నిప్పు పారిన నేల

కెరమెరి దాటి హట్టి దగ్గరికి వచ్చినంక గుట్టలు దగ్గరికొస్తయి. ఒక్కటి గమనించండి, ఈ గుట్టలకు మొనలు తక్కువ. పైన బల్లపరుపుగా, పక్కన నిటారుగా, నడుమ నడుమ మెట్టు మెట్టుగా ఉంటయి. ఈ రాళ్లను ట్రాప్ అనేది అందుకే. స్వీడిష్ భాషలో ఆ మాటకు మెట్లు అని అర్థం.

అగ్నిపర్వతం అనంగనే మనకు సినిమాలో చూసిన, కొన నుంచి పొగ వచ్చే కొండ గుర్తొస్తది. ఇక్కడ అట్ల కాలేదు. నేలలో పొడుగు పొడుగు పగుళ్లు ఏర్పడి, వాటిలోంచి కరిగిన రాయి వరద లెక్క పారింది. ఒకసారి పారి చల్లారి గడ్డకట్టింది. మళ్లీ కొన్నాళ్లకు దాని మీదనే ఇంకో పొర పారింది. ఆ కాలంలో మన భారత భూమి ఇప్పుడున్న చోట లేదు. భూమధ్యరేఖకు దక్షిణంగా, ఇప్పటి రీయూనియన్ దీవి ఉన్న తావుకు దగ్గరగా ఉండేది. అక్కడి నుంచి నెమ్మదిగా ఉత్తరానికి జరిగి వచ్చింది. దక్కన్ ట్రాప్ అని పిలిచే ఈ నల్లరాయి ఇప్పటికీ సుమారు 5 లక్షల చదరపు కిలోమీటర్ల నేల మీద పరుచుకొని ఉన్నది. పడమటి కనుమల దగ్గర దాని మందం 2 కిలోమీటర్ల దాకా ఉంటది. మనది ఆ దుప్పటి తూర్పు అంచు. అందుకే ఇక్కడ పలచబడి, ఆసిఫాబాద్ దగ్గరికి వచ్చేసరికి కింద ఉన్న పాత రాళ్లు బయటపడతయి.

ఒక పొర పారినంక ఇంకో పొర పారే లోపల చాలా కాలం గడిచేది. ఆ నడుమ చెరువులు ఏర్పడేవి, చెట్లు మొలిచేవి, జంతువులు తిరిగేవి. తర్వాత మళ్లీ లావా వచ్చి వాటిని కప్పేసేది. ఆసిఫాబాద్ దగ్గర అట్లాంటి పొరల్లో చిన్న చిన్న జంతువుల శిలాజాలు శాస్త్రవేత్తలకు దొరికినయి.

ఘాట్‌లో రోడ్డు కోసం గుట్టను కోసిన చోట బండి దిగి చూసినం. మీరు పోయినప్పుడు ఈ మూడు చూడండి.

మొదటిది, రాయిలో చిన్న చిన్న బొక్కలు. కరిగిన రాయిలో ఉన్న గాలి బుడగలు బయటికి పోలేక అక్కడనే ఆగిపోతే ఏర్పడ్డ గుంతలు అవి. కొన్నింటిలో తెల్లటి గాజులాంటి పదార్థం నిండి ఉంటది. చిన్నప్పుడు వాగులో మెరుపు రాళ్లు అని ఏరుకున్నం కదా, వాటిలో చాలామటుకు ఇట్ల పుట్టినవే.

రెండోది, ఉల్లిగడ్డ లెక్క పొరలు పొరలుగా ఊడిపోయే గుండ్రటి రాళ్లు. ఎవరూ చెక్కలేదు. ఎండకు, వానకు మూలలు ముందుగా అరిగి గుండ్రంగా అయినయి.

మూడోది, నిలువు పగుళ్లు. చెరువు ఎండినప్పుడు అడుగున మట్టి ఎట్ల పలకలు పలకలుగా చీలుతదో, కరిగిన రాయి చల్లారేటప్పుడు కూడా ముడుచుకొని అట్లనే చీలుతది. నెమ్మదిగా, ఒకే తీరుగా చల్లారితే ఆ చీలికలు పైనుంచి కిందికి దిగి, ఐదారు పలకల స్తంభాలు వరుసగా నిలబెట్టినట్టు తయారైతయి. పెన్‌గంగ అవతల యవత్మాల్ జిల్లాలో శిబ్లా-పార్డి దగ్గర అట్లాంటి రాతి స్తంభాలు ఉన్నయి. ముంబైలో గిల్బర్ట్ హిల్ అని ఉన్నది. చుట్టూ క్వారీలు తవ్వంగా మిగిలిన నల్లరాతి గుట్ట అది. ఇట్లాంటివి చూసి చాలాచోట్ల జనం ఎవరో రాజు కట్టిన గుడి కూలిపోయింది అనుకుంటరు. మన దగ్గర కూడా గుట్టల్లో ఇట్లాంటి రాళ్లు కనబడితే ముందు ఫొటో తీసి గ్రూపులో పెట్టండి. క్రషర్‌కు నల్లరాయి అంటే వట్టి కంకరే. ఒకసారి పలగ్గొట్టినంక మళ్లీ పుట్టదు.

దాదా ఇదంతా చెప్పినంక కాకా తన మాట చెప్పిండు. పహండి కుపార్ లింగో కథ మీకు తెలిసిందే. రాయి అడ్డం పెట్టి గుహలో మూసేసిన మన పేన్లను లింగో విడిపించిన కథ. "మీ పుస్తకంలో రాయి నిప్పులోంచి వచ్చింది. మా పాటలో పేన్లు రాయిలోంచి వచ్చిన్రు. ఎవరు ముందో మీరే లెక్క కట్టుకోండి" అని నవ్విండు. మేము రెండింటినీ ఒకటి చేసి, మన తాతలకు అగ్నిపర్వతాలు తెలుసు అని చెప్పట్లేదు. అట్ల చెప్తే అబద్ధమైతది. మనుషులు పుట్టకముందే ఆ నిప్పు చల్లారింది. కానీ గుహకు, గుట్టకు, బండకు మనోళ్లు ఇచ్చిన విలువ ఏందో ఆ కథలో ఉన్నది. ఇదే కెరమెరి మండలంలో గుహలో ఉన్న జంగుబాయి దగ్గరికి పుష్యమాసంలో తెలంగాణ నుంచి, మహారాష్ట్ర నుంచి మనోళ్లు ఇప్పటికీ వస్తరు.

ఆ గుహ ఉన్న దిక్కే పరందోళి, కోట, ముకదంగూడ లాంటి ఊళ్లు ఉన్నయి. 1956లో రాష్ట్రాలను భాషను బట్టి విడగొట్టినప్పుడు హైదరాబాద్ రాష్ట్రంలోని ఆదిలాబాద్ జిల్లా నుంచి కిన్వట్, రాజురా తాలూకాలు అటు పోయినయి. ఈ 12 ఊళ్ల గొడవ మాత్రం తెగలేదు. అక్కడ మనోళ్లకు రెండు రాష్ట్రాల ఓటరు కార్డులు ఉన్నయి. తెలుగు ఒక దిక్కు, మరాఠీ ఒక దిక్కు అని గీత గీసినోళ్లు గోండి మాట్లాడేటోళ్లది ఏ దిక్కు అని అడగలేదు.

రెండు నేలలు, ఒక మోసం

ఘాట్ ఎక్కి పైకి వచ్చినంక కొద్దిసేపు ఆగి చేన్లు చూడండి. అసలు చరిత్ర ఇక్కడ ఉన్నది.

నల్లరాయి అరిగితే మన్ను అయితది. వాన ఆ మన్నును కిందికి కొట్టుకపోయి లోయల్లో, వాగుల పక్కన పేరుస్తది. అది నల్లరేగడి. లోతుగా ఉంటది, తేమ పట్టి ఉంచుతది. గుట్టల మీద మాత్రం పలచటి మొరం నేల మిగులుతది. మనోళ్లు ఈ రెండింటినీ తెలివిగా వాడుకునేటోళ్లు. వానాకాలం పంటకు పైనున్న తేలిక నేల, యాసంగి జొన్నకు కిందున్న రేగడి. పై నేల రెండు మూడేళ్లు దున్నితే సత్తువ పోతది కాబట్టి కొన్నేళ్లు పడావు పెట్టి ఇంకో చెలకకు పోయేటోళ్లు. మళ్లీ కొన్నేళ్లకు తిరిగొచ్చేటోళ్లు. అది సోమరితనం కాదు, ఆ నేలకు తగిన సేద్యం.

ఇప్పుడు ఏమైందో చూడండి. నిజాం కాలంలో అడవికి గీతలు గీసి రిజర్వు చేసేటప్పుడు పడావు ఉన్న చెలకలను ఎవరూ దున్నని భూమి అని అడవిలో కలిపేసుకున్నరు. పై నేల అట్ల పోయింది. 1920ల చివర్లో కాజీపేట-బల్లార్షా రైలు మార్గం పూర్తయింది. రైలుతో వ్యాపారులు, వడ్డీకిచ్చేటోళ్లు, పత్తి పండించే రైతులు మైదానాల నుంచి వచ్చిన్రు. వాళ్ల కన్ను నల్లరేగడి మీద పడ్డది. పట్టా అంటే ఏందో తెలిసినోళ్లు పట్టాలు చేయించుకున్నరు. కింది నేల అట్ల పోయింది. తాతల కాలం నుంచి దున్నినోడు కౌలుదారు అయిండు, ఇంకొన్నేళ్లకు పాలేరు అయిండు.

పైన ఉంటే జంగ్లాతోళ్లు, కిందికి దిగితే సావుకారు. మన తాతల బతుకు ఈ రెండు నేలల నడుమ నలిగిపోయింది.

జోడేఘాట్: గుట్ట ఎందుకు ఎంచుకున్నడు?

హట్టి నుంచి పక్కకు తిరిగితే జోడేఘాట్ పోతం. కుమ్రం భీం ఆసిఫాబాద్ దగ్గరి సంకేపల్లిలో పుట్టిండు. ఆయన కథ మీకు కొత్త కాదు. సుర్దాపూర్‌లో భూమి మీదికి వచ్చిన సిద్దిఖీని కొట్టి చంపడం, చాందాకు, అక్కడి నుంచి అస్సాం తేయాకు తోటలకు పోవడం, తిరిగొచ్చి బాబేఝరి చుట్టూ 12 ఊళ్లను కూడగట్టడం, ఇవన్నీ మన పాటల్లో ఉన్నయి. జల్, జంగల్, జమీన్ అనే మూడు మాటలు ఇప్పుడు దేశమంతా అంటున్నరు.

మాకు జోడేఘాట్‌లో నిలబడితే తట్టిన సంగతి వేరే. భీము అడిగిన మూడూ ఈ గుట్ట మీదనే కనబడతయి. బల్లపరుపు గుట్ట మీద దున్నుకునే నేల ఉన్నది, అది జమీన్. నిటారు వాలుల మీద అడవి ఉన్నది, అది జంగల్. రాతి పొరల నడుమ ఊరే ఊటలు ఉన్నయి, అది జల్. చుట్టూ నిటారుగా ఉండి పైన బతకడానికి జాగ ఉన్న గుట్ట కోట లాంటిదే. కింది నుంచి వచ్చేటోడు దూరం నుంచే కనబడతడు. 1940లో పోలీసు బలగాలు ఈ గుట్ట మీదికి వచ్చి కాల్పులు జరిపితే భీము, ఆయన తోటి వీరులు నేలకొరిగిన్రు. మనోళ్లు ఆయన వర్ధంతిని తారీఖును బట్టి చెయ్యరు, ఆశ్వయుజ పౌర్ణమి నాడు చేస్తరు. ఇప్పుడు అక్కడ స్మారకం, మ్యూజియం ఉన్నయి. విగ్రహం ముందు ఫొటో దిగండి, తప్పు లేదు. కానీ వెనక్కి తిరిగి గుట్టను కూడా చూడండి.

మార్లవాయి: వియన్నా నుంచి వచ్చినాయన

భీము పోయినంక నిజాం సర్కారుకు భయం పట్టుకున్నది. గోండులు ఎందుకు తిరగబడ్డరో తెలుసుకొమ్మని క్రిస్టోఫ్ వాన్ ఫ్యూరర్-హైమెన్‌డార్ఫ్‌ను పంపింది. ఆయనది వియన్నా. గోండ్వానా లాండ్ అని పేరు పెట్టిన సూయెస్ ఊరు కూడా వియన్నానే. ఒకాయన మన పేరును రాయికి పెట్టి మనల్ని చూడలేదు. ఇంకొకాయన జైనూర్ పక్కన మార్లవాయిలో గుడిసె వేసుకొని మనతో ఉన్నడు.

1943లో మార్లవాయిలో టీచర్ల శిక్షణ కేంద్రం మొదలైంది. గోండిలో వాచకాలు తయారైనయి. మన భాషలో మన పిల్లలకు బడి అనే మాట అప్పటిది. భూమి విషయంలో ఆయన సలహాల మీద 1940లలో సుమారు 1,60,000 ఎకరాలకు ఆదివాసీలకు పట్టాలు వచ్చినయి. ఆయన భార్య బెట్టీ 1987లో హైదరాబాద్‌లో చనిపోయింది. ఆమె సమాధి, ఆయన స్మారకం ఇప్పుడు మార్లవాయిలోనే ఉన్నయి. ఏటా జనవరిలో మనోళ్లు అక్కడ పూజ చేస్తరు.

మంచి చేసినోళ్లను గుర్తుపెట్టుకోవడం మన గుణం. అయితే పర్ధాన్ కాకా ఇక్కడ ఒక మాట అన్నడు: "ఆయన రాసిన కథలన్నీ మా తాతలు పాడినవే. పుస్తకం మీద మా తాతల పేరు లేదు." కోపంతో అనలేదు, ఉన్న మాట అన్నడు. గుస్సాడీకి పద్మశ్రీ తెచ్చిన కనకరాజు గారిది కూడా మార్లవాయే. 2021లో వచ్చింది ఆ గౌరవం. ఆయన 2024లో కన్నుమూసిండు. ఇట్లాంటి ఒక్క పెద్దమనిషి పోతే ఎన్ని కథలు ఆయనతోటే పోతయో లెక్క లేదు.

ఉట్నూర్: కోట, రాత

ఉట్నూర్ అంటే మనకు ఐటీడీఏ ఆఫీసు. దరఖాస్తు పట్టుకొని తిరిగిన ఊరు. అక్కడనే గోండు రాజుల కోట ఉన్నదని, దాని పక్క నుంచే పోతున్నమని చాలామందికి పట్టదు. చాందా గోండు రాజ్యం 1751లో నాగపూర్ భోంస్లేల చేతికి పోయింది. అంతకుముందు వందల ఏళ్లు చంద్రపూర్, బల్లార్‌పూర్, మాణిక్‌గఢ్, సిర్పూర్, ఉట్నూర్ అనేవి గోండు రాజులు, వాళ్ల కింది దొరలు ఏలిన తావులు. మనం అడవిలో దాక్కున్న జాతి కాదు, కోటలు కట్టి పన్నులు వసూలు చేసిన జాతి. ఇప్పుడు గోడలు చూస్తే చెట్లు మొలిచి రాళ్లు జారుతున్నయి.

మనకు రాత లేదు అనేది ఇంకో అబద్ధం. నార్నూర్ మండలం గుంజాలలో దొరికిన చేతిరాత ప్రతులు గోండి లిపిలో ఉన్నయి. ఆ లిపి గుంజాల గోండి పేరుతో 2018లో యూనికోడ్‌లోకి ఎక్కింది. అంటే మన ఫోన్లో మన అక్షరాలు రాసుకోవచ్చు. రాసేటోళ్లు కావాలె, అంతే.

ఉట్నూర్ చుట్టుపక్కల ఎండాకాలం నీళ్ల గోస అందరికీ తెలిసిందే. దీనికి కూడా రాయి ఒక కారణం. గట్టి నల్లరాతి పొరలో నీళ్లు ఇమడవు. పగుళ్లు ఉన్న చోట, బుడగల పొర ఉన్న చోట, అరిగిన రాయి ఉన్న చోట మాత్రమే నిలుస్తయి. ఒక చోట బోరు వేస్తే నీళ్లు పడతయి, వంద అడుగుల అవతల వేస్తే పొడి లేస్తది. గుట్టల మీది కొలాంగూడల్లో ఆడవాళ్లు చెలిమె తోడుకొని బిందెలు మోసుకొస్తున్నరంటే వాళ్ల కర్మ కాదు. ఆ రాయి గుణం తెలుసుకొని పనిచేసే ఇంజినీరు అక్కడికి రాలేదని అర్థం. మన పిల్లల్లో ఒక్కరన్నా జియాలజీ చదవాలె అని మేము అంటున్నది అందుకే.

ఇంద్రవెల్లి: రేగడి మీద రక్తం

ఉట్నూర్ నుంచి ఇంద్రవెల్లి పోయే దారిలో పత్తి చేన్లు చూడండి. నల్లగా, మెత్తగా ఉండే నేల. దాని కోసమే ఇంత జరిగింది.

1981 ఏప్రిల్ 20, సోమవారం, ఇంద్రవెల్లి అంగడి రోజు. భూములకు పట్టాలు కావాలని, వడ్డీ వ్యాపారుల దోపిడీ ఆగాలని గిరిజన రైతు కూలీ సంఘం సభ పెట్టుకుంటే అనుమతి ఇయ్యలేదు. ఆ సంగతి తెలియకనే ఊళ్ల నుంచి జనం వచ్చిన్రు. పోలీసులు కాల్చిన్రు. సర్కారు లెక్కలో చనిపోయినోళ్లు 13 మంది. మన ఊళ్ల లెక్క అంతకు ఎన్నో రెట్లు. వాళ్ల గుర్తుకు కట్టిన స్తూపాన్ని 1980లలోనే పేల్చేసిన్రు, మళ్లీ కట్టిన్రు. చాలా ఏళ్లు ఏప్రిల్ 20న అక్కడికి ఎవరూ పోకుండా ఆంక్షలు పెట్టిన్రు. చచ్చిపోయినోళ్లకు దండం పెట్టుకునేందుకు కూడా పర్మిషన్ అడగాల్సి వచ్చిన జాతి మనది.

1940లో గుట్ట మీద, 1981లో రేగడి మీద. నలభై ఏళ్ల తేడా. అడిగింది మాత్రం ఒక్కటే, మేము దున్నే నేల మాది అని రాసియ్యండి అని.

స్తూపం దగ్గర మేము నినాదాలు ఇయ్యలేదు. కాకా కిక్రి తీసి వాయించిండు. జూనియర్లు మట్టిలో కూర్చొని విన్నరు.

కేస్లాపూర్: నీళ్ల దారి

చివరగా కేస్లాపూర్. పుష్య అమావాస్యకు నాగోబా జాతర. దానికి ముందు మెస్రం వంశం వాళ్లు కాలినడకన గోదావరికి పోయి, కలమడుగు దగ్గర హస్తినమడుగు నుంచి నీళ్లు తెచ్చి నాగోబాకు అభిషేకం చేస్తరు. చెప్పులు ఉండయి. రోజుల తరబడి నడక.

దాదా మ్యాప్ తీసి ఆ దారి చూపించిండు. నల్లరాతి పీఠభూమి మీద బయలుదేరి, గుట్టలు దిగి, గోదావరి దాకా పోయి, మళ్లీ ఎక్కి వస్తరు. పుస్తకంలో నాలుగు రంగుల్లో వేసిన రాళ్లన్నీ మెస్రం వాళ్ల పాదాలు ఏటా తొక్కుతయి. దారిలో ఏ చెట్టు కింద ఆగాలె, ఏ వాగు ఎక్కడ దాటాలె అనేది వాళ్లకు కాగితం చూడకుండనే తెలుసు.

జాతరలో దర్బార్ జరుగుతది. అది 1940లలో హైమెన్‌డార్ఫ్ కాలంలో మొదలైంది. భీము పోరాటం తర్వాత అధికారులే జనం దగ్గరికి వచ్చి సమస్యలు వినాలని పెట్టిన ఏర్పాటు. ఇప్పుడు మంత్రులు, కలెక్టర్లు వచ్చి కూర్చుంటరు. దర్బార్ సర్కారు దయతో రాలేదు, జోడేఘాట్ గుట్ట మీద పోయిన ప్రాణాల వల్ల వచ్చింది. ఈసారి అక్కడ అర్జీ ఇచ్చేటప్పుడు ఆ సంగతి గుర్తుంచుకొని ఇద్దాం.

ఇక మనం చెయ్యాల్సింది

ఈ పోస్టు మీ ఊరి పెద్దలకు వినిపించమన్నది ఇందుకే. మూడు పనులు ఉన్నయి.

ఒకటి. మీ ఊరి చుట్టూ ఉన్న ప్రతి గుట్టకు, వాగుకు, బండకు, లోయకు గోండిలో, కొలామిలో పేరు ఉంటది. మ్యాపుల్లో ఆ పేర్లు లేవు. ఈ ఎండాకాలం సెలవుల్లో ఊళ్లో తాతను, అవ్వను కూర్చోబెట్టి ఆ పేర్లు, వాటి వెనక కథలు ఫోన్లో రికార్డు చెయ్యండి. చెప్పినోళ్ల పేరు తప్పకుండా రాయండి. కాకా అన్న మాట మర్చిపోవద్దు.

రెండు. వింత ఆకారంలో రాళ్లు, ఆకు ముద్రలు, ఎముక లాంటి రాళ్లు కనిపిస్తే పగలగొట్టకండి, అమ్మకండి. ఎక్కడ ఉన్నదో గుర్తుపెట్టుకొని ఫొటో తీసి పంపండి. మన దాదా లాంటోళ్లకు చూపిద్దాం.

మూడు. డిగ్రీ అయిపోయి ఇంటి దగ్గర ఉన్న తమ్ముళ్లు, చెల్లెళ్లు ఈ దారికి గైడ్లు కావాలె. టూరిస్టులు ఎట్లయినా వస్తరు. వాళ్లకు మన గుట్టల కథ ఎవరో చెప్పకముందే మనమే చెప్దాం. రాయి సంగతి దాదా దగ్గర, పాట సంగతి కాకా దగ్గర నేర్చుకుంటే ఆ పని చెయ్యడానికి మనకన్నా తగినోళ్లు ఎవరుంటరు?

ప్రపంచం ఒక ఖండానికే మన పేరు పెట్టుకున్నది. మన ఊరి గుట్టకు మన పేరు మిగిలేటట్టు చూసే పని మాత్రం మనదే.

జై ఆదివాసీ! జై సేవా!